మూడో పిలుపు

ఖరిదా బజారు ఎనకాల మూతబడ్డ సినిమా హాలుంది సూడండి... సీకటి పడ్డాక అటు కుక్క కూడా ఎల్లదు. అక్కడ నిశి అనే దెయ్యం తిరుగుతాదని బెంగాలీ దీదీలు సెప్తారు. పిలుస్తాదంట. పలికినామా, అయిపోనాం! మనుషులైతే మూడోసారి కూడా పిలుస్తారు, నిశి మాత్రం రెండుసార్లే. అందుకే ఈ ఊర్లో మన తెలుగోళ్ళు కూడా మూడో పిలుపు దాకా నోరిప్పరు.

మా ఆయన నూకరాజు రైల్వే వర్క్‌షాపులో ఫిట్టరు. ఇంజనుకి బెదరడు గానీ, బల్లి కనిపిస్తే మంచమెక్కేస్తాడు. ఇదంతా ఆయన సెప్పిందే, నానొక్క ముక్క కలపనేదు.

మొన్న సలికాలంలో ఓ రాత్రి డ్యూటీ దిగి సైకిలు మీద వత్తన్నాడు. ఒకటే పొగమంచు. సరిగ్గా ఆ హాలు ముందే — టక్కున గొలుసు ఊడిపోయింది.

వంగి ఎక్కిస్తన్నాడు. లోపల్నుంచి... ఆడగొంతు.

"అన్నా... కాపాడు!"

తెలుగులో! ఓలమ్మో, బెంగాల్లో దెయ్యానికి తెలుగెలా వచ్చిందిరా బాబూ అనుకున్నాడంట.

"అన్నా... సంపేస్తన్నారు!"

రెండు. మూడో పిలుపు కోసం సెవులు రిక్కించినాడు... రానేదు. ఎంతసేపు సూసినా రానేదు.

మా ఆయన సంగతి నాకు తెల్దా, పరిగెత్తాల్సినోడే. గానీ అప్పుడే గుండెలో కలుక్కుమందంట. మూడోసారి పిలిసే లోపే ఆ పిల్ల పీక కోసేసుంటే? మనిషై ఉండి, నాను లెక్కెడతా నిలబడిపోనానా?

సైకిలు అక్కడే పడేసినాడు. తలుపు సందులోంచి తెల్లటి ఎలుగు కదుల్తంది. కళ్ళు గట్టిగా మూసుకుని భుజంతో ఒక్క తోపు తోసినాడు —

"ఎవుడ్రా అక్కడ! పిల్లని ఒగ్గెయ్!"

కళ్ళు తెరిసి సూస్తే, గోడకి తెల్ల దుప్పటి. దాని మీద కత్తి పట్టుకున్న చైనా పిల్ల, సుట్టూ రౌడీలు. ముందేమో మా పిల్లలకి సదువు సెప్పిన కృపారావు మాస్టారూ, ఆయన మనవరాలు జెనీ నోరెళ్ళబెట్టి సూస్తన్నారు.

"బాబాయ్, ఆ పిలిసింది నానే!" అంది జెనీ.

మాస్టారు నవ్వాపుకోలేకపోనారు. "హిజ్లీ కాలేజీ కుర్రోళ్ళు తెచ్చినార్రా. పాతకాలం చైనా కత్తియుద్ధం బొమ్మ, మూగది. అప్పట్లో మధ్యమధ్యన మాటలు రాసి తెర మీద సూపించేవోరు. కత్తులు తిప్పేది వేరేవోళ్ళు, కథ నడిపేది ఆ రాసేవోడు. ఆ చైనా రాత మనకేటి తెలుస్తాది? అందుకని నన్ను తెలుగులో రాయమన్నారు, జెనీ పైకి సదువుతాది. ఆదివారం ఇక్కడే ఆట."

"మరి మూడోసారి పిలవనేదేటి?"

"ఆఖరి రీలు ఎక్కడా దొరకనేదయ్యా. ఎవరూ రానేదు, పిల్ల సచ్చిపోనాదని రాసేసినాను."

మా ఆయనకి సర్రున కోపమొచ్చింది.

"ఎవరూ రాకపోడమేటి మాస్టారూ? నాను రానేదా?"

మాస్టారు కలం తీసి, పిల్ల సచ్చిపోనాదని రాసింది కొట్టేసినారు.

ఆదివారం హాలు నిండిపోయింది. ఆఖర్న బొమ్మ తెగి, దుప్పటి తెల్లగా మిగిలింది. ఆ ఎలుగులో జెనీ పిలిసింది, "అన్నా... కాపాడు!"

రెండోసారీ పిలిసింది...

ఎనక బెంచీ నుంచి మా ఆయన లేసినాడు. "వత్తన్నానమ్మా!"

అంతే, హాలు హాలంతా లేసిపోయింది. మూడో పిలుపు దాకా నోరిప్పని మనోళ్ళూ, ఆ దీదీలూ, అందరూ ఒక్కటే కేక —

"వత్తన్నాం!"

నానూ అరిసినాను.