నెలనెలా నిరీక్షణ

పొద్దున్నే సముద్రం పోటెత్తడంతో నీటి కాకినాడలో ఇళ్ళన్నీ కాస్త పైకి లేచాయి. అక్కడ అది రోజూ ఉండేదే. పాత ఊరు మునిగాక తెప్పలమీద కట్టుకున్న వీధులవి. పోటుకు లేస్తాయి, పాటుకు దిగుతాయి. పొయ్యిమీద పాలు ఒలకకుండా చూసుకోవడం ఒక్కటే కష్టం, మిగతా అంతా జనానికి అలవాటైపోయింది. డాక్టర్ నీలవేణి కూడా ఏ పోటునూ పట్టించుకునే మనిషి కాదు. కానీ ఆ పూట కుర్చీతోపాటు ఊగుతూ, గోడమీద వెలుగుతున్న బ్యాంకు స్టేట్‌మెంటు వంక తెల్లమొహం వేసుకుని చూస్తోంది.

బ్యాంకు స్టేట్‌మెంటు చదివే అలవాటు జనానికి పోయి చాలాకాలమైంది. అలా పోగొట్టిన పుణ్యం నీలవేణిదే. ఆమె, ఆమె స్నేహితురాలు కలిసి కనిపెట్టిన ఇచ్ఛామాపకం చెవి వెనక చింతగింజంత ఉంటుంది. జనం దాన్ని విల్‌మీటర్ అంటారు. మెదడు పంపే నాడీ సంకేతాలు, గుండె వేగం, కంటిపాప కదలిక, ఇవన్నీ లెక్కగట్టి మనిషికి ఒక వస్తువు నిజంగా కావాలో వద్దో అది తేలుస్తుంది. కావాలంటే పచ్చదీపం, వద్దంటే ఎర్రదీపం. పచ్చదీపం వెలిగితేనే బ్యాంకు డబ్బు వదులుతుంది. మొదటి నెల ఉచితమని ఆశపెట్టి, ఆనక ఏళ్ళ తరబడి జలగల్లా పీల్చిన సబ్‌స్క్రిప్షన్ వ్యాపారాలన్నీ ఈ చింతగింజ దెబ్బకు దుకాణం కట్టేశాయి. ఎవరైనా తమకు తెలియకుండా డబ్బు పోయిందని ఫిర్యాదు చేస్తే నీలవేణి దగ్గర్నుంచి ఎప్పుడూ ఒకటే జవాబు వెళ్ళేది. యంత్రం పొరబడదు, మీ మనసే మీకు తెలియదు.

ఇప్పుడు ఆవిడ స్టేట్‌మెంటులోనే ఆవిడకు తెలియని పద్దు ఒకటి కనిపించింది. పింఛను మొదలై, ఖాతా మార్చాల్సి వచ్చి, సరిచూసుకుందామని తెరిస్తే బయటపడింది. ‘నిరీక్షణ సేవ, నెలవారీ రుసుము.’ వెనక్కి వెళ్ళి చూస్తే ముందు నెలా ఉంది, ఆ ముందు నెలా ఉంది. ఏళ్ళ కిందటి దాకా ఉంది.

“ఏవండీ, ఈ నిరీక్షణ ఏవిటండీ?” అంది.

ఆమె భర్త పట్టాభి వంటింట్లోంచి తొంగి చూశాడు. “నన్నడుగుతావేవిటి? నీ ఖాతా, నీ చెవి. నీకు కావాలనిపించకపోతే డబ్బెలా పోద్ది? ఆ మాట ఊరందరికీ చెప్పింది నువ్వేగా.”

“వేళాకోళం తర్వాత. సినిమాలేమైనా తెప్పించుకున్నామా మనం?”

“సినిమా మొదలెట్టిన పావుగంటకి గురక పెడతావు. నీకెందుకు సినిమాలు?”

నీలవేణి బ్యాంకును పిలిచింది. బ్యాంకులో మాట్లాడే యంత్రం పేరు గుమాస్తా. పాతకాలపు మర్యాదలన్నీ నేర్పి పెట్టారు దానికి.

“నమస్కారం నీలవేణి గారూ. తమ నిరీక్షణ సేవ సక్రమంగా కొనసాగుతోందండి.”

“కొనసాగుతోందని నాకూ కనిపిస్తోంది. అదేవిటో చెప్పు.”

“చెప్పే వీలు లేదండి. ఆ సంగతి తమ దగ్గర ఎత్తకూడదని ఆజ్ఞ ఉంది.”

“ఎవరిదా ఆజ్ఞ?”

“తమదేనండి.”

“నేనెప్పుడిచ్చాను?”

“అది చెబితే ఆ సంగతి ఎత్తినట్టే అవుతుందండి.”

“సరేలే. నాకు ఆ సేవ వద్దు. ఆపెయ్.”

“నిజంగా వద్దా అండి?”

“వద్దు!”

“చాలా సంతోషం. కొనసాగిస్తున్నామండి.”

పట్టాభి వంటింట్లో పడీపడీ నవ్వాడు. నీలవేణికి మాత్రం నవ్వు రాలేదు. పోయే డబ్బు ఆమెకు లెక్కలోది కాదు. యంత్రం తప్పైతే ఆమె జీవితమంతా చేసిన పని తప్పు. యంత్రం ఒప్పైతే, అరవయ్యో పడిలో ఉన్న ఆమెకు తన మనసులో ఏముందో తనకే తెలియదు. రెండింట్లో ఏది నయమో ఎంత ఆలోచించినా తేలలేదు. రోజంతా ఒకచోట పెట్టిన వస్తువు ఇంకోచోట వెతుక్కుంటూ తిరిగింది.

“జోగులాంబ గారిని అడగరాదూ?” అన్నాడు పట్టాభి, కాస్త భయంగానే. “ఆ లోపలి సూత్రాలన్నీ ఆవిడ రాసినవేగా.”

“దాని పేరెత్తొద్దన్నానా?”

జోగులాంబది గద్వాల. ఇద్దరూ ఒకే ప్రయోగశాలలో పనిచేశారు, ఒకే క్యారేజీలో తిన్నారు. ఒకరి ఆలోచన ఇంకొకరికి అందేలా ఇద్దరి మధ్యా ఎప్పుడూ తెరిచి ఉండే సొంత లైను ఒకటి వేయించుకున్నారు. ఒసేయ్ అంటే ఒసేయ్ అని పలికే లైను అది. అంత స్నేహమూ నీలవేణి కూతురి పెళ్ళి దగ్గర చెడింది. నీలవేణి తీరిక లేక, యంత్రం చేత అందరికీ ఒకే పిలుపు పంపించింది. అందరూ వచ్చారు, జోగులాంబ రాలేదు. బొట్టు పెట్టి పిలవని పెళ్ళికి తను రానని కబురు చేసింది. ఇన్నేళ్ళ స్నేహానికి కూడా బొట్టు కావాలా అని నీలవేణికి ఒళ్ళు మండింది. లైను తెంపెయ్యమని టెలిఫోను వాళ్ళకు చెప్పేసింది. ఆ పేరు తన చెవిన పడకూడదని మనుషులకూ యంత్రాలకూ కలిపి హుకుం జారీ చేసింది. పెళ్ళిలో వెయ్యిమంది తిన్నా తనకు ముద్ద దిగలేదన్న సంగతి మాత్రం ఎవరికీ చెప్పలేదు.

మరుసటి నెల నిరీక్షణ రుసుము మళ్ళీ పడింది.

అసలు గుట్టు ఓ ఆదివారం పెసరట్టు దగ్గర తెలిసింది. పట్టాభి రెండో అట్టు తెచ్చి వెయ్యబోతుంటే నీలవేణి పళ్ళెం మీద చెయ్యి అడ్డంపెట్టి “వద్దండీ, చాలు” అంది.

“నోరు వద్దంటోంది, చెవి వెయ్యమంటోంది,” అన్నాడు పట్టాభి. “చూడు, పచ్చదీపం.”

నీలవేణి లేచి అద్దం ముందు నిలబడింది. “మళ్ళీ అడగండి.”

“ఇంకో అట్టు వెయ్యనా?”

“వద్దు.”

చెవి వెనక పచ్చదీపం నిక్షేపంగా వెలిగింది. ఆమె గట్టిగా వద్దంది, విసుక్కుంటూ వద్దంది. దీపం పచ్చగానే ఉంది. అప్పుడు గుర్తొచ్చింది ఆమెకు, ఈ యంత్రానికి మనుషుల మనసు చదవడం ఎక్కడ నేర్పారో. తాము పనిచేసిన సంస్థ మెస్సులో! మనుషుల్ని పోగుచేసి కొలతలు తీసే తీరిక లేక, భోజనాల వేళ అందరి చెవులకూ మీటర్లు తగిలించారు. వడ్డించేవాళ్ళు గరిటెలతో తిరుగుతుంటే అందరూ చేతులు అడ్డంపెట్టి వద్దు వద్దనేవాళ్ళు. వడ్డించాక చివరి మెతుకు దాకా తినేవాళ్ళు. మన భోజనాలే అంత. అడగ్గానే వెయ్యమనేవాణ్ణి తిండిపోతంటారు, ఒక్కసారి అడిగి పోయేవాణ్ణి పిసినారంటారు. అదంతా చూసిన యంత్రం, ఏదైనా ఇస్తామన్నప్పుడు మనిషి చెప్పే వద్దును నమ్మకూడదని నేర్చుకుంది. మాట ఒకటీ లోపలి సంకేతం ఒకటీ అయినప్పుడు సంకేతాన్నే పట్టుకుంది.

“ఓరి భగవంతుడా!” అంది నీలవేణి. “బ్యాంకులో వద్దన్నా విస్తరి ముందు వద్దన్నట్టే లెక్క వేస్తోందండీ ఇది. ఎంతమంది డబ్బు పోయిందో ఇలా!”

అట్టు చల్లారిపోయింది. పింఛను మొదలైనా మూలసూత్రాల పర్యవేక్షణ ఇంకా ఆమెదే కాబట్టి, దిద్దడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. మాటా సంకేతమూ వేరైతే మాటనే నమ్మాలని కొత్త సూత్రం రాసి పంపింది. వద్దంటే వద్దే. గోదావరి జిల్లాలనుంచి రాయలసీమ దాకా జనం వద్దన్న రుసుములన్నీ ఆగిపోయాయి. ఆమెను అందరూ మెచ్చుకున్నారు. చిన్న చిన్న తిప్పలు కూడా వచ్చాయి. పక్క తెప్పలో కొత్తల్లుడికి వడ్డన యంత్రం మొదటి వద్దుకే వెనక్కి తిరిగి పోవడంతో, పాపం అతను ఆకలితో లేచాడట. నీలవేణి అది విని నవ్వింది. తప్పు యంత్రంలోనే ఉందని, తన మనసు తనకు తెలుసునని తేలిపోయినందుకు ఆమెకు ప్రాణం కుదుటపడింది.

ఆ నెల నిరీక్షణ రుసుము పడలేదు. బదులుగా గుమాస్తా పలికింది.

“నమస్కారమండి. తమ నిరీక్షణ సేవ ముగిసింది. ముగిసిన సేవ వివరాలు చట్టప్రకారం చెప్పి తీరాలి కనుక చెబుతున్నాం, మన్నించాలి. తమకూ గద్వాల జోగులాంబ గారికీ మధ్య ఉన్న సొంత లైను శాశ్వతంగా తెగిపోయిందండి.”

నీలవేణి చేతిలోని గ్లాసు పక్కన పెట్టింది. “అది ఎప్పుడో తెంపమన్నాగా?”

“అన్నారండి. తెగిన లైను మళ్ళీ అతకదు, రుసుము కడితే తమకోసం తెగకుండా ఉంచమంటారా అని టెలిఫోను వాళ్ళు అడిగారు. తమరు వద్దన్నారు. దీపం పచ్చగా వెలిగింది. నెలనెలా అడిగారు, నెలనెలా అలాగే వెలిగింది. ఈ నెల మాత్రం తమ కొత్త సూత్రం ప్రకారం ఎర్రగా వెలిగిందండి.”

“నన్నెవరూ నెలనెలా అడగలేదే!”

“నిరీక్షణ కావాలా అని మాత్రం అడిగేవారండి. పేరెత్తకూడదు కదా. తమరు విసుక్కుని వద్దనేవారు.”

ఏదో ప్రకటన కాబోలనుకుని తను విసుక్కున్న పిలుపులు నీలవేణికి లీలగా గుర్తొచ్చాయి. “మళ్ళీ కలపలేరా?” అంది.

“కొత్త లైను వెయ్యాలంటే ఇద్దరూ ఒప్పుకోవాలండి. పాత సేవ కూడా ఇద్దరూ కడితేనే నడిచింది. అటువైపు నుంచీ ఏ నెలా ఆగలేదు. ఉండండి, అడుగుతాను.” గుమాస్తా అడిగి వచ్చింది. “జోగులాంబ గారు వద్దన్నారండి.”

“నిజంగా వద్దందా?”

“వద్దంటే వద్దే కదండీ. తమరే రాశారు.”

నీలవేణి అక్కడే కూర్చుని ఏడ్చింది. కాసేపయ్యాక పట్టాభి దేవుడి గూట్లోని కుంకుమ భరిణె తెచ్చి ఆమె ఒళ్ళో పెట్టాడు.

గొట్టపు రైలు ఆమెను మధ్యాహ్నానికల్లా గద్వాలలో దింపింది. అక్కడ నేల కదలదు. నీటిమీద నడిచి నడిచి అలవాటైన కాళ్ళు ఆ గట్టి నేలమీద తడబడ్డాయి. తలుపు తీసిన జోగులాంబ జుట్టు ముగ్గుబుట్టయింది. ఆమె నీలవేణిని పైనుంచి కిందికి చూసింది.

“ఏం పనిబడి వచ్చినవ్?”

“పెళ్ళికి పిలవడానికొచ్చానే,” అంది నీలవేణి, భరిణె చూపిస్తూ.

“ఎవరి పెండ్లి?”

“మా అమ్మాయిది.”

“అయ్యి ఏండ్లాయె గదనే. దానికి పిల్లలు గూడ పుట్టిరి.”

“అయితే ఏం? పిలుపు పిలుపే. బొట్టు పెట్టించుకో.”

“నాకొద్దు. పో.”

జోగులాంబ మొహం పక్కకు తిప్పుకుంది. చెవి వెనక ఎర్రదీపం వెలిగింది. నీలవేణి తన చేత్తో దిద్దిన దీపం అది. దాన్ని నమ్మితే ఇక్కణ్ణుంచే వెనక్కి తిరగాలి. నమ్మకపోతే ఏమవుతుందో ఆమెకూ తెలియదు.

“జోగూ, బొట్టు పెట్టనీవే.”

“వద్దంటి గద.”

మళ్ళీ ఎరుపు. నీలవేణి ఈసారి అడగలేదు. వేలు కుంకుమలో అద్ది ముందుకు వంగింది. జోగులాంబ నుదురు వెనక్కి తీసుకోలేదు.

“వద్దంటే నమ్మొద్దనే ఆ పాత రూలు నేనే పెట్టిన,” అంది జోగులాంబ, బొట్టు పెట్టించుకుంటూ. “మెస్సుల యంత్రం దానంతట అదేం నేర్వలె. మనోళ్ళల్ల మొదటిసారి అడిగితే ఎవరన్న అవునంటరానే? నీకు చెప్తె నవ్వుతవని చెప్పలె.”

“నిరీక్షణ సంగతి నీకు తెలుసా?”

“మొదటి నెలనే చూసిన. పోనియ్ అనుకున్న. ఇద్దరు కడితేనే నడుస్తదంట గద. నెలనెలా నా పైసలు పోతుంటె, నువ్వు గూడ తెంపలేదని తెలుస్తుండె. ఈ నెల పోలె.” ఆమె తలుపు పూర్తిగా తీసింది. “ఇగ తెంపేసిందిలే అనుకున్న.”

“అదేవిటో తెలీక ఆపేశానే!”

“నువ్వెప్పుడు తెలిసి చేసినవ్ గనుక? లోపలికి రా, ఎండల నిలబడ్డవ్. తిన్నవా?”

“తినే వచ్చాను. ఏం వద్దు.”

జోగులాంబ ఆ మాట విననే లేదు. జొన్నరొట్టె, పుంటికూర తెచ్చి ముందు పెట్టింది. ఒకటి అయిపోతూండగానే రెండోది తెచ్చింది. నీలవేణి పళ్ళెం మీద చెయ్యి అడ్డంపెట్టింది.

“చాలే, వద్దు.”

“నాకు గూడ నువ్వు వద్దు, తిను,” అంటూ జోగులాంబ ఆ చెయ్యి పక్కకు తోసి రొట్టె వేసింది. ఎదురుగా గోడ అద్దంలో ఇద్దరి చెవుల వెనకా ఎర్రదీపాలే వెలుగుతున్నాయి. నీలవేణి వాటివంక ఒకసారి చూసి రొట్టె తుంచుకుంది.