చేటెడు తవుడు

"రోగికి సంతానం లేదు. మీ సంతకం చెల్లదు," అంది ఆసుపత్రి కౌంటర్ మీది మైకు, ఎంతో మర్యాదగా. తవిటమ్మను అది తిప్పికొట్టడం మూడోసారి. లోపల స్ట్రెచర్ మీద ఆమె తల్లి అప్పలనరసమ్మకు పేగు మెలిపడింది. గంటలో ఆపరేషన్ చేయకపోతే మనిషి దక్కదు.

కంప్యూటర్ శాస్త్రవేత్త డాక్టర్ పరశురామ్ పరుగున కౌంటర్ దగ్గరికి వచ్చాడు. విశాఖలోని ఆ ఆసుపత్రిలో మనుషుల్ని గుర్తుపట్టే "పేరుమూలం" పనిచేయడం మొదలుపెట్టింది ఆ రోజే. అది ఆయన సృష్టి. రెండు కంప్యూటర్లు మాట కలిపే ముందు "నువ్వెవరు? నీకు పూచీ ఎవరు?" అని ఒకదాన్నొకటి అడిగి తేల్చుకుంటాయి. ఆ పద్ధతినే ప్రోటోకాల్ అంటారు. దాన్ని ఆయన మనుషులకు తెచ్చాడు. పాస్‌వర్డ్ మరచిపోతాం, వేలిముద్ర అరిగిపోతుంది. పేరు మాత్రం ఎవరో ఒకరు ఎందుకో పెట్టిందే కదా! అందుకని ఐదేళ్లు ఊరూరా తిరిగి, పెద్దల చేత పిల్లల పేర్ల పుట్టుక చెప్పించి, ఆ గొంతులు సర్వర్‌లో దాచారు. పేరు పెట్టినవాళ్ల మాటే పూచీ, దానికి తిరుగులేదని ఆయనే సభల్లో ఛాతీ విరుచుకుని చెప్పాడు. ఆపరేషన్‌కు రోగి సంతకం ఒక్కటే చాలదు, అయినవాళ్ల పూచీ కూడా ఉండాలన్నది దాని నియమం.

ఇప్పుడు సర్వర్‌లో దాచిన అప్పలనరసమ్మ గొంతును తెరిచి విన్నాడు.

"ముందు ముగ్గురు పోనారు బాబూ. ఈ గుంట పుట్టగానే పక్కింటి గవరమ్మకి సేటెడు తవుడికి అమ్మీసినాను. అందుకే తవిటమ్మ. నా పిల్ల కాదు."

ఆయనకు విషయం అర్థమైంది. వరసగా బిడ్డలు పోయిన తల్లి కొత్త బిడ్డను ఉత్తుత్తికే తవుడుకు అమ్మేస్తుంది. తనది కాని బిడ్డను యముడు ముట్టడని ఆశ. మళ్లీ తనే పాలిచ్చి పెంచుకుంటుంది. యంత్రానికి ఉత్తుత్తి అన్నది తెలీదు. నేర్పిన పెద్దమనిషికీ తట్టలేదు.

రికార్డు మార్చాలంటే పేరు పెట్టిన మనిషి నోటితో చెప్పాలి, లేదా హైదరాబాదు కమిటీ ఒప్పుకోవాలి. అప్పుడు టైము పదకొండు; కమిటీకి ఫోన్ చేస్తే మీటింగు పన్నెండింటికన్నారు. ఆయన మైకు పట్టుకుని, తవిటమ్మను వెంటబెట్టుకుని స్ట్రెచర్ దగ్గరికి పరుగెత్తాడు.

"అమ్మా, ఈమె నా కూతురని ఒక్క మాట అనండి. చాలు."

ముసలమ్మ కళ్లు తెరిచింది. కూతురి చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"నాకు కూతురేటి బాబూ? అది గవరమ్మది."

"సెప్పీయే అమ్మా!" తవిటమ్మ భోరుమంది. "నాకు యాభై రెండేళ్లొచ్చినాయి. ఇంకా నాకేటవుతాదే?"

"నోరుముయ్యే. ఆడు గుమ్మంలోనే ఉన్నాడు. ఇంటాడు."

మైకు మీద పచ్చదీపం వెలిగింది. గొంతులో తడబాటు లేదు గనక అబద్ధం లేదని తేల్చేసింది పేరుమూలం. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు.

కమిటీ అనుమతి ఒంటిగంటకు వచ్చింది. అప్పలనరసమ్మ అప్పటికి పోయి అరగంటయింది.

"తప్పంతా నాదమ్మా," అన్నాడు పరశురామ్, తలెత్తలేక. "ఇప్పుడు నాకు అధికారమిచ్చారు. ఆమె కూతురిగా మీ పేరు రాసేస్తాను."

తవిటమ్మ ఆయన చెయ్యి పట్టుకుని ఆపింది.

"రాయకండి బాబూ. పేనం పోతన్నా మాయమ్మ ఆ మాట ఇడవనేదు. నానెలాగ సెరిపేత్తాను?"

శవాన్ని అప్పగించడానికి మాత్రం, బంధువు కాకపోయినా, ఎవరో ఒకరి పూచీ కావాలంది యంత్రం. పరశురామ్ తన పేరు చెప్పాడు. తవిటమ్మ కొంగు నోట్లో కుక్కుకుని, పక్కింటి మనిషిలా కాస్త ఎడంగా నిలబడింది.