లోపం, లోపాయికారీ

వెనక వరండాలో భార్య బట్టలు ఉతుకుతున్న చప్పుడు వినబడుతుంటే ఆ ఇంటి పెద్దాయన పేపరు వెనక తల దాచుకున్నారు. కొత్త వాషింగ్ మెషిను వచ్చి పదిరోజులైంది. ఉతుకుడు మాత్రం ఇంకా ఆవిడ చేతులకే. ప్రెస్సులో ముప్పైయేళ్లు ప్రూఫులు దిద్ది రిటైరైన ఆయన్ని వీధంతా ప్రూఫుగారనే అంటుంది. ఎదుటివాడి మాటలో తప్పు పట్టందే, పట్టిన మాటను మెలిపెట్టందే ఆయనకు పొద్దు గడవదు.

ఆ మెషిను స్విచ్చి వేస్తే ఉతకదు, ఊరేగుతుంది. మొదటిరోజే గడగడలాడుతూ గది దాటి, నీళ్ల గొట్టం ఊడగొట్టుకుని ఇల్లంతా వరద చేసింది. షాపతనికి ఫోన్ చేస్తే "వెనక బోల్టులు తీశారా సార్?" అన్నాడు.

"బోల్టులంటూ నన్ను బోల్తా కొట్టిస్తావా?" అని ప్రూఫుగారు ఠక్కున పెట్టేశారు.

వినియోగదారుల ఫోరానికి వెళితే ఏళ్లు పడుతుందనీ, పోలీసు రిపోర్టు ఇస్తే మర్నాడే కొత్తది తెచ్చి పెడతాడనీ పాత స్నేహితుడొకడు ఎక్కించాడు. ప్రూఫుగారు రెండు పేజీలు రాశారు. అందులో ఆయనకు తెగ నచ్చిన వాక్యం ఒకటుంది: "ఇది లోపం కాదు, లోపాయికారీ." దాన్ని మూడుసార్లు పైకి చదువుకుని, తనకు తానే శభాష్ అనుకుని, నిన్న స్టేషన్లో ఇచ్చి వచ్చారు.

ఫోన్ మోగింది. అవతల హెడ్‌కానిస్టేబులు.

"షాపతన్ని తెచ్చి కూర్చోబెట్టామండీ. మీరొచ్చి సంతకం పెడితే చీటింగ్ కేసు కట్టేస్తాం."

ప్రూఫుగారు లేచి చొక్కా తొడుక్కున్నారు. "విన్నావా? మెషిన్ని తాడేసి కట్టినా ఆగలేదు గానీ, వాడి మీద కేసు కట్టేస్తారట."

భార్య తడిచేతులతోనే వచ్చింది. "మెషిను బాగుచేయించండీ అంటే మనిషిని లోపల వేయిస్తారా? ఏం మోసం చేశాడని?"

"అంతా రిపోర్టులో ఉంది. అమ్మాయ్, ఆ వారంటీ కాగితం ఇలా తే."

కోడలు వారంటీ కాగితంతో పాటు మెషిను పుస్తకం కూడా పట్టుకొచ్చి గుమ్మంలో ఆగిపోయింది. "మామయ్యగారూ, ఇందులో ఎర్రసిరా మీదేనా?"

"ఇంకెవరిది? అచ్చుతప్పులమయం. 'వెనక ఉన్న నాలుగు బోల్టులను తొలగించవలెను' అని వేశారు చూడు. బోల్టులు పీకేస్తే మెషిను ఊడి చేతికి రాదూ? 'తొలగించరాదు' అని దిద్దాను. బిగించడానికి వచ్చినవాడూ తీస్తాననే అన్నాడు. పుస్తకం చూపించి ఆపాను కాబట్టి సరిపోయింది."

కోడలు కింది వాక్యం మెల్లిగా చదివింది. "'ఈ బోల్టులు లారీలో డ్రమ్ము కదలకుండా ఉండుటకు మాత్రమే. తీయకుండా నడిపినచో మెషిను మిక్కిలి ఊగి, ఉన్నచోటు నుండి కదులును.' ఇది దిద్దలేదేం మామయ్యగారూ?"

ప్రూఫుగారు పుస్తకం అందుకున్నారు. తప్పు దొరికాక ముందుకు చదివే అలవాటు ఆయనకు ఎప్పుడూ లేదు.

"చదవలేదు" అన్నారు. ఆ మాట ఆయనకే సరిగ్గా వినబడలేదు.

"ముప్పైయేళ్లు ప్రూఫులు చూశారు" అంది భార్య. "ప్రూఫు లేకుండా ఒక మనిషిని దొంగని చేశారు."

ఆవిడ పెళ్లయ్యాక వేసిన మొదటి శ్లేష అది. ఇద్దరికీ నవ్వు రాలేదు.

స్టేషన్లో షాపతను బెంచీ మీద కూర్చుని ఉన్నాడు. ఇంట్లో తిరిగే బనీను, కాళ్లకు రబ్బరు చెప్పులు. ప్రూఫుగారిని చూడగానే, కౌంటరు దగ్గర లేచినట్టే, అలవాటుగా లేచి నిలబడ్డాడు. అది చూసి ప్రూఫుగారి చెవులు మండిపోయాయి.

"సంతకం ఇక్కడండీ" అన్నాడు హెడ్డు.

ప్రూఫుగారు జేబులోంచి ఎర్రకలం తీసి, తనకు నచ్చిన వాక్యాన్ని అడ్డంగా కొట్టేశారు. కింద రాశారు: "లోపం నాది. బోల్టులు తీయనివ్వనిది నేనే. ఇతను ఏ మోసమూ చేయలేదు."

హెడ్డు చదివి ముఖం ఎర్రగా చేసుకున్నాడు. "సరదాగా ఉందా మాస్టారూ? మంచంమీంచి లేపి తెచ్చాం మనిషిని."

"సరదాకే రాశానండీ. అదే నేను చేసిన తప్పు."

బయటికొచ్చాక షాపతను ముందు మాట్లాడాడు. "సాయంత్రం స్పానరు పట్టుకొస్తాను సార్. పది నిమిషాల పని."

"నన్ను నాలుగు తిట్టవయ్యా."

"తిట్టడం దేనికిలెండి. ఒక్క సాయం చేయండి." అతను రోడ్డు వైపు చూస్తూ చెప్పాడు. "మీ రిపోర్టును పోలీసులు మా గుమ్మంలో నిలబడి గట్టిగా చదివారు. వీధంతా పోగైంది. జీపెక్కుతుంటే మా పాప అడిగింది, నాన్నా, లోపాయికారీ అంటే ఏంటి అని. నాకు చెప్పడం చేతకాలేదు. మీరు మాటలు తెలిసినవారు కదా."

ఇద్దరూ షాపతని ఇంటికి వెళ్లేసరికి పాప బడిసంచీ భుజాన వేసుకుని మెట్టు మీద కూర్చుని ఉంది. ప్రూఫుగారు కింది మెట్టు మీద చతికిలబడ్డారు.

"ఆ మాట అచ్చుతప్పమ్మా. మీ నాన్న పేరు పక్కన వేసింది నేనే."

పాప ఆయన వేళ్లకంటిన ఎర్రసిరాను చూసింది. "దిద్దేశావా తాతా?"

"కాగితం మీద దిద్దాను తల్లీ."

కళ్లజోడు తుడుచుకుని తలెత్తేసరికి, పక్కిళ్ల గుమ్మాల్లో జనం ఇంకా చూస్తూనే ఉన్నారు. ప్రూఫుగారు మోకాళ్లు పట్టుకుని లేచారు. నేరుగా మొదటి ఇంటి గుమ్మం ముందుకు వెళ్లి, చేతులు జోడించి, "నిన్న ఒక తప్పు రాశానండీ" అని మొదలుపెట్టారు.

వీధిలో ఇంకా పదకొండు ఇళ్లున్నాయి.