సిలార్ జట్కా దీపం

నెల్లూరి నుంచి మైపాడుకు పోయే రోడ్డులో, సరుగుడు తోపు కాడ ఒక మలుపుండాది. అరవై రెండు, అరవై మూడులో పొద్దుగూకితే ఆ మలుపులో మనిషనేవాడు అడుగు పెట్టేవాడు కాదు. లారీవాళ్లు ఒక నిమ్మకాయ విసిరేసి, అటూ ఇటూ చూడకుండా తోలుకుని పోయేవాళ్లు.

అక్కడ దీపం నడుస్తాదని చెప్పుకునేవాళ్లు. జట్కాకు పక్కన తగిలించే దీపం... జట్కా ఉండదు, గుర్రం ఉండదు. దీపం ఒక్కటే నడుమెత్తున నడిచొస్తాది. దాంతోపాటే గుర్రం మువ్వలు — ఘల్లు, ఘల్లు...

ఆ దీపం ఎవరిదో అందరికీ తెలుసు. జట్కా తోలే సిలార్‌ది. ముందటేడు వేసంగిలో ఆ మలుపులోనే ఒక లారీ అతన్నీ గుర్రాన్నీ తొక్కేసి, ఆగకుండా పోయింది. పెండ్లాం కరీమున్నీసా, ముగ్గురు ఆడబిడ్డలు మిగిలినారు.

అట్టా చచ్చిపోయినోళ్ల ఇంటికి నష్టపరిహారం ఇప్పించే చట్టం వచ్చుండాదనీ, రెండు నెలల్లోపల అర్జీ పెట్టాలనీ ఆమెకు చెప్పేదెవరు? మొగుడు పోతే వాళ్లల్లో నాలుగు నెలల పది రోజులు గడప దాటకూడదు. ఆమె పద్ధతిగా ఇద్దత్ కూర్చొనింది. లేచేసరికి గడువు దాటిపోయింది. వకీలు ఒక మాటన్నాడంట. ఆలస్యానికి కారణం చెప్పుకుందాంలే అమ్మా, ముందు ఏ లారీయో చూసినవాడు కోర్టుకొచ్చి నోరు తెరవాలి, నువ్వు చెప్తే చెల్లదు అని. ఆ మనిషి దొరకలేదు. కోర్టు మెట్లెక్కేదెవరు, లారీ షావుకార్లతో తగవు పెట్టుకునేదెవరు! ఛీ, ఏం బతుకులబ్బా మనవి.

ఇప్పుడు చెప్పేది మా బావ హెబ్రోను నాకు చెప్పింది. నాకు దెయ్యాల మీద నమ్మకం లేదు, మా బావ మీద అంతకన్నా లేదు. కానీ ఇది చెప్పేటప్పుడు అతని మొకం చూసినాను కాబట్టి చెప్తా ఉండా.

హెబ్రోను నెల్లూర్లో లారీ క్లీనరు. చీకటి పడితే షెడ్డులోనే పడుకునేవాడు గానీ ఆ మలుపు దాటి ఇంటికొచ్చేవాడు కాదు. ఆ రోజు మాత్రం తప్పలేదు. తెల్లారితే క్రిస్మస్. బిడ్డల కొత్త గుడ్డలు సైకిలుకు తగిలించుకుని, గొంతెత్తి కీర్తన పాడుకుంటా వచ్చినాడంట. తోపు కనపడేసరికి కీర్తన గొంతులోనే ఆగిపోయింది.

మంచు... గాలి లేదు. సరుగుడు చెట్లు కూడా సద్దు చేయడం లేదు.

ఘల్లు.

బావ తొక్కడం ఆపలేదు. ఇంకా గట్టిగా తొక్కినాడు. కాళ్లు తిరగతా ఉండాయి గానీ సైకిలు పోవడం లేదు — చైను ఊడిపోయింది.

ఘల్లు... ఘల్లు...

చెట్ల సందులోంచి దీపం వచ్చింది. దాని వెనక తెల్లగా, మొకం తెలీకుండా ఒక ఆకారం. రోడ్డుకు అడ్డంగా నిలబడింది. బావ చేతుల్లోంచి సైకిలు జారిపోయింది. మోకాళ్ల మీద పడిపోయినాడు. 

"ఏ లారీ?" అనింది అది, గుసగుసగా.

అంతే. ఏడాదిన్నరగా కడుపులో దాచుకున్నదంతా కక్కేసినాడు.

"నన్నేం చేయొద్దు సిలారన్నా... నేను తోలలా. వెనక ఉప్పు బస్తాల మీద కూర్చోనుండా. మా షావుకారు లారీనే అన్నా అది... డ్రైవరు తాగుండాడు. ఆపమని పైనుంచి కొట్టినాను, వాడు ఆపలా..."

నంబరు కూడా చెప్పినాడు. అడక్కుండానే రెండోసారి చెప్పినాడు.

దీపం మెల్లిగా కిందికి దిగింది. ముసుగు తొలిగింది.

కరీమున్నీసా!

ఒక చేతిలో మొగుడి జట్కా దీపం, ఇంకో చేతిలో గుర్రం మెడలో కట్టే మువ్వల పట్టీ. ఏడస్తా ఉండాది.

"మనిషిగా ఇంటింటికీ పోయి అడిగినాను. ఒక్కరూ చెప్పలా," అనింది. "దెయ్యానికైనా చెప్తారేమోనని... ఇప్పుడన్న మాటే కోర్టుకొచ్చి చెప్పన్నా. నా బిడ్డలకు కూడుంటాది."

హెబ్రోను లేచినాడు. మోకాళ్లకంటిన దుమ్ము దులుపుకున్నాడు. ఎదురుగా ఉండేది మనిషేనని తెలిసినాక దెయ్యం భయం పోయింది. దాని జాగాలో రోజూ ఉండే భయమొచ్చి కూర్చొనింది. షావుకారు పనిలోంచి తీసేస్తే నెల్లూర్లో ఇంకెవరూ లారీ ఎక్కనీరు. అతనికీ బిడ్డలుండారు గదా.

ఆమె కాళ్ల వైపు చూస్తా అన్నాడంట —

"నేనేం చూడలేదమ్మా."

ఆమె తిట్టలేదు. శాపనార్థాలు పెట్టలేదు. చీకట్లో చైను ఎక్కించుకోలేక బావ తడుముకుంటా ఉంటే, వంగి దీపం పట్టింది.

ఆ వెలుగులోనే చైను ఎక్కించుకుని, మా బావ పండగకి ఇంటికొచ్చినాడు.